చిన్నకోడలి వేరు కుంపటి

యూనివర్సిటీలో, అందరూ చదివిన ఒక కుటుంబ నవల మీద చర్చ. అందులో చిన్నకోడలు వేరు కాపురం పెట్టడం సబబేనా? విడ్డూరం చూడండి, సమైక్యవాదులు సబబే అన్నారు. ప్రత్యేక రాష్ట్రం కావాలన్నవాళ్లేమో కొంప కూల్చిందని దుమ్మెత్తిపోశారు!

అందరికంటే గట్టిగా తిట్టింది ప్రొఫెసర్ రాజమల్లయ్య. అదే నోటితో "విడిపోయి కలిసుందాం" అని నినాదమిచ్చి తార్నాకలో ఇంటికొచ్చాడు.

గుమ్మంలో కోడలు స్వరూప, చేతిలో గిన్నెల సంచి.

"అంబర్‌పేట్‌ల రెండు రూములు కిరాయికి తీసుకున్నం మామా. విడిపోయి కలిసుందాం."

ఆయన గతుక్కుమన్నాడు. "గట్లెట్ల బిడ్డా? ఇంట్ల అందరినడగాలె. ఏకాభిప్రాయం రావాలె."

స్వరూప చెప్పులు తొడుక్కుంది.

"గీ మాటన్నందుకే గదా మామా, పొద్దుగాల మీరు ఢిల్లోళ్ల దిష్టిబొమ్మ కాలవెట్టిన్రు?"