కుంటి సవారీ

తేనెపట్టు కోసం చెట్టెక్కి పడ్డప్పటి నుంచి ఎలుగుబంటి నల్లమ్మకు మోకాలి నొప్పి. మత్తెక్కించే ఇప్పపూలు కడుపునిండా తింటే నొప్పి తెలిసేది కాదు, దారీ తెలిసేది కాదు. నిన్న అలాగే తూలి, వీపు మీది పిల్లను ముళ్లపొదలో పడేసింది.

ఈ ఉదయం పూల వాసన తగలగానే కాళ్లు మళ్లీ అటే తిరిగాయి. పిల్ల చటుక్కున కిందికి దూకింది.

“ఎక్కవే!”

“పూల దగ్గరికైతే నడిచే వస్తానమ్మా. చెదలు తినడానికి పుట్ట దగ్గరికైతే ఎక్కుతా.”

ఆ మాట నల్లమ్మకు మోకాలి నొప్పి కంటే గట్టిగా తగిలింది. నోరూరుతున్నా పుట్ట వైపు తిరిగి వంగింది. పిల్ల ఎక్కింది. మోకాలు అడుగడుగునా సలుపుతూనే ఉంది.

“కుంటుతున్నావమ్మా!”

“రేపూ కుంటుతాను. పడేయను కదా?”

“ఊయలలా ఉంది. ఇంకాస్త కుంటు!”

“నీ సంబరం సరే, ముందు నా చెవులు వదులు!” అని నల్లమ్మ నవ్వింది.