విల్ఫ్ కాలు

పబ్బు యజమాని విల్ఫ్ ప్యాంటు మోకాలిదాకా మడిచి, వంకరపోయిన కాలు తాగేవాళ్లకు చూపిస్తున్నాడు.

“ఒకప్పుడు ఫుట్‌బాల్లో నాకు ఎదురులేదు. ఆ కసాయి ఆర్మరాడ్ తన్ని విరిచేశాడు.”

“ఆ ఆర్మరాడ్‌ని నేనే,” అన్నాడు గుమ్మంలో నిలబడ్డ సేత్ ఆర్మరాడ్.

పబ్బంతా గప్‌చుప్ అయిపోయింది.

సేత్ నేరుగా అతని ముందుకొచ్చాడు. “నువ్వు అంటగట్టిన ఆ ‘కసాయి’ పేరుతో ఏ క్లబ్బూ నన్ను ఉంచుకోలేదు. పదేళ్లుగా బొగ్గుగనిలో చస్తున్నా. చెప్పరా, నా బూటు నీ కాలికి తగిలిందా?”

విల్ఫ్ ముందుకు వంగి, పళ్లు బిగించి గొణిగాడు. “బురదలో నా అంతట నేనే జారిపడ్డానంటే ఇక్కడ బీరు ఎవడు తాగుతాడురా? పో బయటికి.”

గొణిగినా, ఆ నిశ్శబ్దంలో మూలబల్ల దాకా వినబడింది.

ఎప్పటినుంచో అక్కడే తాగే ముసలాయన గ్లాసు కింద పెట్టాడు.

“విల్ఫ్, ఇక ఆ కాలు కప్పుకో.”