తొమ్మిదో నెంబరు

"గిన్నెలు వదిలేసి హాల్లో నీకేం పనయ్యా?" హోటల్ యజమాని కసిరాడు.

గిన్నెలు కడిగే ముసలాయన చేతుల నుంచి సబ్బు నురగ కారుతోంది. టీవీలో తొమ్మిదో నెంబరు కుర్రాడు అప్పుడే గోల్ కొట్టాడు. దేశం తరఫున వాడికదే మొదటి మ్యాచ్. జనం కుర్చీలెక్కి గంతులేస్తున్నారు.

"కాసేపు చూడనివ్వండయ్యా. వాడు నా కొడుకు."

హాలంతా పగలబడి నవ్వింది.

"వాడు నీ కొడుకైతే ఆ గోల్‌కీపరు మా బామ్మ!" అన్నాడు టైర్ల షాపతను.

"నిజం బాబూ. వాడి చొక్కా మీదున్నది మా ఇంటిపేరే."

"మీవాళ్లలో సగం మందికి అదేగా ఇంటిపేరు!"

"నిన్నగాక మొన్న ఓడ దిగినవాడివి, నీకు అలాంటి కొడుకా?" లారీ డ్రైవరు తొడ చరిచాడు. "ఆ దూకుడు చూడు, ఆ పొగరు చూడు. అచ్చంగా ఈ గడ్డ మీది బిడ్డ. మనోడు!"

"మనోడు! మనోడు!" బల్లలు దద్దరిల్లాయి.

యజమానికి జాలేసింది. "సరే, ఆ గోడ పక్కన నిలబడి చూడు. నోరు మాత్రం మెదపకు."

ముసలాయన చేతులు తుడుచుకుని గోడకి ఆనుకున్నాడు.

అవతలివాళ్లు స్కోరు సమం చేశారు. ఆట పెనాల్టీల దాకా వెళ్లింది. ఆఖరి కిక్ తొమ్మిదో నెంబరుది. హాలు ఊపిరి బిగబట్టింది.

బంతి స్తంభానికి కొట్టుకుని బయటికి పోయింది. మ్యాచ్ పోయింది.

గ్లాసొకటి టీవీ కింద భళ్లున పగిలింది.

"వలస వెధవ! కావాలనే బయటికి తన్నాడు!"

"ఎక్కణ్ణుంచో ఊడిపడ్డవాడికి మన దేశం మీద ప్రేమెందుకుంటుంది?"

"వీళ్లందర్నీ మళ్లీ ఓడెక్కించాలి!"

టైర్ల షాపతను మెల్లగా గోడవైపు తిరిగాడు. "ఏం పెద్దాయనా, ఇందాక ఏదో అన్నావు?"

ఒక్కొక్కరే లేచి నిలబడ్డారు. యజమాని గబగబా అడ్డం వచ్చాడు.

"ఆట చూడాలని ఏదో కోతలు కోశాడు లెండి, వదిలేయండి." ముసలాయన చెవిలో గొణిగాడు. "అబద్ధమని చెప్పి లోపలికి పో. చంపేసేలా ఉన్నారు."

ముసలాయన టీవీ మీంచి చూపు తిప్పలేదు. కుర్రాడు మైదానం మధ్యలో కూలబడి చొక్కాలో మొహం దాచుకున్నాడు. వాడి దగ్గరికి ఒక్కడూ రాలేదు.

"వాడు నా కొడుకే," అన్నాడు ముసలాయన.

ఈసారి అందరూ నమ్మారు.