లక్ష్మీబాయి సర్వపిండి

"నేను పోయినంక పిట్టకు లక్ష్మీబాయి చేసిన సర్వపిండి పెట్టున్రి."

మగ్గం ముందు కూర్చుని సారయ్య కెమెరాతో అన్న మాట అది. చాయ్ తెస్తున్న ఆయన భార్య లచ్చవ్వ గడపలోనే ఆగిపోయింది.

తాత గుండెజబ్బుతో దవాఖాన నుంచి వచ్చిన నాటి నుంచి మనుమరాలు రమ్య ఆయన మీద చిన్న సినిమా తీస్తోంది. నిన్న కోమటిచెరువు కట్ట మీద ఆయన నడక తీసింది. ఈరోజు చావు గురించి అడిగింది. పోయిన మనిషికి మూడో రోజు ఇష్టమైనవి వండి పిట్టకు పెడతారు. కాకి ముడితే మనిషి తృప్తిగా వెళ్లిపోయినట్టు. ముట్టకపోతే ఇంకా అక్కడే తిరుగుతున్నట్టు. ముట్టేదాకా ఇంటివాళ్లు పిలుస్తూ నిలబడాల్సిందే.

లచ్చవ్వ చాయ్ గ్లాసును ఠక్కున కింద పెట్టింది.

"పెండ్లయిన కాన్నుంచి పొయ్యి ఊదింది నేను. ఆఖరి బుక్క ఆమెదా?"

"కెమెరా ఆపనా నానమ్మా?"

"ఎందుకాపుతవ్? మీ తాత కత లోకమంతా సూడనీ!"

కొంగు నడుముకు చెక్కి ఎదురింటికి పోయింది. లక్ష్మీబాయి వాకిట్లో బియ్యం చెరుగుతోంది.

"ఏమే లక్ష్మీ, మా ఆయనకు సర్వపిండి ఎప్పుడు పెట్టినవే?"

"మొన్న బోనాలప్పుడు ఒక ముక్క ఇచ్చిన. ఏమైందక్కా?"

"సచ్చినంక పిట్టకు గదే పెట్టాల్నట."

లక్ష్మీబాయి చేట పక్కన పెట్టి పడీ పడీ నవ్వింది. "నా చేతిదా! నేను ఉప్పు సక్కగ ఎన్నడేసిన? మా ఇంట్ల కోళ్లు గుడ ముట్టవు గదక్కా!"

లచ్చవ్వకు కడుపు ఇంకా రగిలింది. రుచి కోసమైతే ఏడ్చి ఊరుకునేది. కోళ్లు కూడా ముట్టని బియ్యప్పిండి రొట్టె కావాలంటే, మోజు రొట్టె మీద కాదన్నమాట.

గిర్రున తిరిగి ఇంటికొచ్చి మొగుడి ముందు నిలబడింది.

"నిజం జెప్పు. ఆమెల ఏం జూసినవ్?"

సారయ్య చల్లారిన చాయ్ మెల్లగా తాగాడు. తువ్వాలతో మూతి తుడుచుకున్నాడు.

"నువ్వు వండింది పెడితే పిట్ట ఎంటనే ముడ్తది. నేను ఎల్లిపోవాలె."

"ఆమెది పెడితే?"

"పిట్ట ముట్టదే లచ్చీ. ముట్టేదాంక నీ కాడ్నే ఉంట."