విడిపించిన ఇల్లు

తోంగ్‌పాల్ ఊరి సావుకారి అప్పు తీరి, తాకట్టులో ఉన్న ఇల్లు ఇవాళ్టికి విడుదలైంది. గొల్లపల్లిలో ఉప్పలమ్మ పొద్దున్నే ఇల్లంతా పేడతో అలికి, మొగుడి కోసం లోపల కొత్త చాప పరిచింది.

బస్తరు రాజ్యంలో అప్పుకు బదులు మనిషి చాకిరికి పోవడం మామూలే. కొత్తకాపురంలోనే ఆమె మొగుడు రామనర్సయ్య, ఆ సావుకారి గొడ్లు కాయడానికి వెళ్ళాడు. ఉప్పలమ్మ ఏటేటా కప్పుకు కొత్త గడ్డి వేయించేది. "మనిషి యాడుంటే ఏంది, ఇల్లయితే పోలే" అని అందరికీ గర్వంగా చెప్పుకునేది. ఆ మాట చెబుతూ చెబుతూనే ఆమె జుట్టు నెరిసింది.

పొద్దు గూకే వేళకు అతను వచ్చి చూరు కింద కూర్చున్నాడు.

"బయటెందుకు? లోపలికి రా. మన ఇల్లే గదా!"

రామనర్సయ్య తలూపాడు గానీ లేవలేదు. ఆకులో పెట్టించుకుని అక్కడే తిన్నాడు. తిన్నచోట తనే నీళ్ళు చల్లి అలికాడు. ఆకు దూరంగా పారేసి వచ్చి, చేతులు కట్టుకుని నిలబడ్డాడు.

"కొట్టం ఏడుందమ్మా? గొడ్ల కాడ పండుకుంట."

ఆ ఇంటికి ఏనాడూ గొడ్లు లేవు.