ఆడపిల్లల్లేని ఊరు

“కట్నం ఒద్దంట అప్పమ్మా, కర్సంతా ఆళ్లదే,” అన్నాడు సంబంధం తెచ్చిన గురువులు. “ఆళ్ల ఊళ్లో ఆడపిల్లలు లేరు. అందుకే ఢిల్లీ అవతల్నుంచి ఇంత దూరం వచ్చినారు.”

ఖిదిర్‌పూర్ ఓడరేవు కూలీల క్వార్టర్లలో ముగ్గురు కూతుళ్లను ఒంటిచేత్తో పెంచిన అప్పమ్మకు ఆ మాట చెవికి చల్లగా తగిలింది.

పెద్దకూతురు భాను మాత్రం గురువులు వెంట వచ్చిన పెళ్లికొడుకు తల్లిని హిందీలో అడిగింది. “ఎందుకు లేరు? మీకెంతమంది కూతుళ్లు?”

“ముగ్గురూ కొడుకులే.” ఆవిడ తల దించుకుంది. “రెండుసార్లు కడుపులో ఆడపిల్లని తెలిసింది. మావాళ్లు ఉంచనివ్వలేదు.”

“రేపు నాకు ఆడపిల్లయితే?”

ఆవిడ గురువులు వైపు చూసింది.

“అయన్నీ ఇప్పుడెందుకే గుంటా?” అని గురువులు కసురుకున్నాడు.

అప్పమ్మ లేచి నిలబడింది. మూడో కూతుర్ని ఎవరికైనా ఇచ్చేయమన్న అత్త ముందు కూడా ఆమె ఇలాగే నిలబడింది.

“ఆళ్ల గుంటల్ని బతకనీలేదు, నా గుంట కోసం రైలెక్కినారా? ఈళ్లని తీసుకెళ్లు గురువులన్నా. ఈ వీధిలో ఇంకో గడప తొక్కితే, ఆ ఇంట్లోనూ నానే సెప్తాను ఇదంతా.”

గడప దగ్గర ఆ పెద్దావిడ ఆగింది. “నా వెనక ఇలా నిలబడేవాళ్లు లేకపోయారమ్మా,” అంది భానుతో.

హిందీ అర్థమైన అప్పమ్మ తెలుగులోనే జవాబిచ్చింది.

“నా ఎనకాల కూడా ఎవులూ లేరు.”