తక్కువ స్టాంపు

“ఇరవై ఏడు గ్రాములు. పది రూపాయలైతది మేడమ్,” అన్నాడు పోస్టాఫీసు గుమాస్తా, కాటా మీద నుంచి కళ్ళెత్తకుండానే.

“ఐదు రూపాయల స్టాంపే ఇయ్యండి సార్,” అంది ఝాన్సీలక్ష్మి.

వెనక నిలబడ్డ జగదాంబకు ఒళ్ళు మండింది. తమ్ముడికి రాఖీ పోస్టు చేసి, వాన అందుకోకముందే బస్సెక్కేద్దామని వచ్చిందావిడ. సికింద్రాబాద్ మొత్తంలో ఏ లైన్లో నిలబడ్డా సరిగ్గా తన ముందువాళ్ళకే పేచీలొస్తాయని ఆవిడకు గట్టి నమ్మకం.

“ఇరవై గ్రాములదాకనే ఐదు. దాటితే ఇంకో ఐదు,” అన్నాడు గుమాస్తా. “తక్కువ అంటిస్తే, ఆ తక్కువకు డబుల్ అందుకునేటోళ్ళ దగ్గర వసూలు చేస్తరు. పది రూపాయలు.”

“తెలుసు సార్. అందుకే ఐదు అడుగుతున్న.”

“ఆయనెందుకు కట్టాలె?”

“పూర్తి స్టాంపు అంటిస్తే ఇంటి ముంగటి డబ్బాల ఏసి పోతరు. డబ్బాలకెళ్ళి చెత్తల పడుతది. గిట్లయితే మా ఆయన జేబుల చెయ్యి పెట్టాలె. పైసలు పెట్టి తీసుకున్నది చదవకుండ పారేస్తడా?”

జగదాంబ కోపం ఎటు పోయిందో పోయింది. మొగుడూ పెళ్ళాల తగువు చెవిన పడితే ఆవిడకు రాఖీ, బస్సూ రెండూ గుర్తుండవు.

“ఏమైంది బిడ్డా? ఫోన్ చెయ్యరాదూ?”

“ఎత్తడు పెద్దమ్మా. గృహప్రవేశం నాడు మా అన్న ఏదో మాటన్నడని అలిగిండు. నేను అన్నను ఆపలేదని నా మీద కోపం. అప్పట్నుంచి పద్మారావు నగర్ల అమ్మ దగ్గరనే ఉంటున్న. రెండు ఉత్తరాలు రాసిన. విప్పకుండనే పారేసిండని పక్కింటామె చెప్పింది. ఇది సుత చదవకపోతే ఇంక మెట్టుగూడల ఆ గడప తొక్క.”

జగదాంబ ఆమె భుజం మీద చెయ్యి వేసింది. గుమాస్తా మాత్రం కవరును కాటా మీద నుంచి తీసి మళ్ళీ పెట్టాడు.

“ఇరవై ఏడే,” అన్నాడు నెమ్మదిగా.

“నువ్వూకో సారూ! గ్రాములు తప్ప మనుషుల తక్లీఫ్ తెల్వదా? నీకు పెళ్ళాం లేదా?” అని కసిరింది జగదాంబ.

“ఉందమ్మా.”

“మరి ఆ ఐదు రూపాయలదే ఇయ్యి. పది రూపాయలు కడితే ఆ మొండిఘటం ఏం అరిగిపోడు.”

గుమాస్తా చెవులు ఎర్రబడ్డాయి. “ఆయన తప్పేముందో మీకెట్ల తెలుసు? పది మంది ముంగట మాట పడ్డోనికి తెలుస్తది.”

“ఇగో, మగోనికి మగోడే వంత! మాటన్నది బావమరిది, శిక్ష పెళ్ళానికా? ఏందీ న్యాయం?”

జగదాంబకు ఎదురుచెప్పి నెగ్గినవాళ్ళు వాళ్ళ ఇంట్లోనే లేరు, ఇక గుమాస్తా ఎంత! ఐదు రూపాయల స్టాంపు చింపి ఇచ్చాడు. ఝాన్సీలక్ష్మి అంటించి, కవరును అతని ముందుకు తోసింది.

“ఆయన కడతడంటరా సార్?”

అతను కవరు అందుకున్నాడు. తర్వాత తన జేబులోంచి పది రూపాయల నోటు తీసి సొరుగులో వేశాడు. ముద్ర కొట్టి, ఉత్తరాన్ని సంచిలో వెయ్యకుండా చొక్కా జేబులో పెట్టుకున్నాడు.

జగదాంబ లబలబలాడింది. “అయ్యో అయ్యో, ఏందయ్యా గిది! ఆమె మొగునికి రాసుకున్న ఉత్తరం నీ జేబుల పెట్టుకుంటవా? పెద్దసారును పిలువుమంటవా?”

ఝాన్సీలక్ష్మి కళ్ళు తుడుచుకుంటూ ఆవిడ చెయ్యి పట్టుకుంది.

“ఆయనే మా ఆయన పెద్దమ్మా.”